పున్నమ్మతోట పాట

1948లో బెజవాడలో మొదలైన ఆకాశవాణి కేంద్రం ఒక తరం విద్వాంసులకు కొలువిచ్చింది. కోస్తా జిల్లాల్లో గురువు దొరకని ఎందరికో గురువైంది. మీడియం వేవ్ ఇంకెన్నాళ్లు అన్న మాట తరచూ వినిపిస్తున్న ఈ రోజుల్లో, ఆ కేంద్రం సంగీత చరిత్రలోకి ఒకసారి వెళ్లివద్దాం.

పాలు పొంగకుండా పొయ్యి మంట తగ్గించి ఆమె రేడియో ముందుకొచ్చి కూర్చుంది. ఒళ్లో రూళ్ల నోటుబుక్కు, చేతిలో కొత్తగా చెక్కిన పెన్సిలు. పాత మర్ఫీ సెట్టు వేడెక్కడానికి కాస్త సమయం తీసుకుంటుంది కాబట్టి ముందే స్విచ్చు వేసి ఉంచింది. ముల్లు విజయవాడ దగ్గరే ఉంది. ఇంట్లో ఎవరూ దాన్ని కదపకూడదని ఒట్టు.

‘సంగీత శిక్షణ’ మొదలైంది. గురువుగారు పల్లవి పాడారు. శిష్యురాలు అందుకుంది. ఈవిడ ఆ స్వరాలు రాసుకుంటోంది. మొదటి సంగతి కుదిరింది. రెండో సంగతిలో ఒకచోట గమకం జారిపోయి చెవికి అందలేదు. రేడియోని ఆగమనడానికి లేదు, వెనక్కి తిప్పడానికి లేదు. అక్కడ ఖాళీ వదిలి ముందుకు పోయింది. అంతలో స్టూడియోలో శిష్యురాలు సరిగ్గా అక్కడే తడబడింది. గురువుగారు ఆపి, విడదీసి, నెమ్మదిగా మళ్లీ పాడి చూపించారు. నోటుబుక్కులో ఖాళీ నిండింది. రేడియోలో పిల్ల తప్పు పాడితే ఇంత సంతోషపడే శ్రోతలు మరే కార్యక్రమానికీ ఉండి ఉండరు.

డెబ్బయిల నాటి తెనాలిలోనో, గుడివాడలోనో, తణుకులోనో మామూలుగా కనిపించే దృశ్యమిది. ఊళ్లో పాఠం చెప్పేవాళ్లు లేక, ఉన్నా పంపే వీలు లేక, పెళ్లయ్యాక సంగీతం ఏమిటన్న మాట పడి, ఈ నోటుబుక్కుల్లోనే సరళీ వరసల నుంచి కీర్తనల దాకా నేర్చుకున్న ఆడవాళ్లు ఎందరో ఉన్నారు. వాళ్లు ఎక్కడా కచేరీ చేయలేదు. పిల్లలకు నేర్పారు, శుక్రవారం పూజల్లో పాడారు, పేరంటాల్లో పాడారు. తెలుగు నేల మీద కర్ణాటక సంగీతం సభల బయట కూడా బతికిందంటే, ఆ పుణ్యంలో సగం వాళ్లదీ, సగం బందరు రోడ్డు మీద పున్నమ్మతోటలో ఉన్న రేడియో కేంద్రానిదీ.

ఆ కేంద్రానికి 2023 డిసెంబరుతో 75 ఏళ్లు నిండాయి. అదే ఏడాది ఆంగ్లంలో కూడా ‘ఆల్ ఇండియా రేడియో’ అనడం మానేసి అంతటా ‘ఆకాశవాణి’ అనే పిలవాలని నిర్ణయించారు. మరోపక్క కాలం చెల్లిన మీడియం వేవ్ ట్రాన్స్‌మీటర్లను ప్రసార భారతి దేశమంతటా దశలవారీగా తీసేస్తోంది. రేడియో అంటే ఇక ఎఫ్‌ఎం, లేదంటే సెల్‌ఫోన్‌లో యాప్. పాత శ్రోతలు కలిసినప్పుడు మాట అక్కడికే వస్తోంది: మన స్టేషన్ ఏమవుతుంది? ఆ ప్రశ్నకు జవాబు వెతికే ముందు, ‘మన స్టేషన్’ అంటే ఏమిటో గుర్తు చేసుకోవాలి.

మద్రాసు రైలు దిగి

తెలుగువాళ్లకు మొదటి పెద్ద రేడియో కేంద్రం మద్రాసే. అక్కడ ఆకాశవాణి 1938 జూన్ 16న మొదలైంది. తమిళంతో పాటు తెలుగుకీ కొంత సమయం దక్కేది. శ్రీకాకుళం నుంచి నెల్లూరు దాకా ఏ విద్వాంసుడు రేడియోలో పాడాలన్నా రైలెక్కి మద్రాసు వెళ్లాల్సిందే. అరగంట పాటకు రెండు రోజుల ప్రయాణం, బస, పక్కవాద్యాల ఏర్పాటు. హైదరాబాదులో దక్కన్ రేడియో ఉండేది గానీ అది నిజాం ప్రభుత్వానిది. 1950 ఏప్రిల్ 1న గానీ అది ఆకాశవాణిలో కలవలేదు.

స్వాతంత్ర్యం వచ్చేనాటికి దేశంలో ఆకాశవాణి కేంద్రాలు ఆరంటే ఆరు: ఢిల్లీ, బొంబాయి, కలకత్తా, మద్రాసు, లక్నో, తిరుచిరాపల్లి. ఒక్కటీ తెలుగు గడ్డ మీద లేదు. 1948లో కొత్త కేంద్రాలు వరసగా వచ్చాయి. పాట్నా, కటక్, నాగపూర్ తర్వాత, డిసెంబరు 1న విజయవాడ.

అప్పటి బెజవాడను ఇవాళ్టి నగరంతో పోల్చుకోకూడదు. 1951 జనాభా లెక్కల్లో లక్షన్నర పైచిలుకు మనుషులున్న పట్నం. పెద్ద రైల్వే జంక్షను, కృష్ణ కాలువలు, వ్యాపారులు, పుస్తకాల ప్రచురణ, నాటకాలు, రాజకీయాలు. సంగీతానికి పేరున్న ఊళ్లు వేరే ఉన్నాయి. విజయనగరంలో రాజావారి సంగీత కళాశాల 1919 నుంచీ ఉంది, అక్కడ ద్వారం వెంకటస్వామి నాయుడు ఉన్నారు. మద్రాసులో సభలున్నాయి, డిసెంబరు కచేరీలున్నాయి. బెజవాడలో సంస్థానం లేదు, జమీందారీ కొలువు లేదు. ఉన్నది పారుపల్లి రామకృష్ణయ్య పంతులు గారి ఇల్లు.

ఆ ఇల్లు చిన్నదేమీ కాదు, గురుపరంపర పరంగా. త్యాగరాజస్వామి శిష్యుడు మానంబుచావడి వెంకటసుబ్బయ్య, ఆయన శిష్యుడు సుసర్ల దక్షిణామూర్తి శాస్త్రి, ఆయన శిష్యుడు పంతులుగారు. తల్లి లేని పిల్లవాడైన మంగళంపల్లి బాలమురళీకృష్ణ ఆ ఇంట్లోనే చదువుకున్నాడు. ఎనిమిదేళ్ల వయసులో ఈ ఊళ్లోనే త్యాగరాజ ఆరాధనలో కూర్చుని కచేరీ చేశాడు. పశ్చిమ గోదావరి నుంచి వచ్చిన వయొలిన్ విద్యార్థి అన్నవరపు రామస్వామి కూడా అక్కడే. 1951లో పంతులుగారు కాలం చేసేనాటికి రేడియో కేంద్రానికి ఇంకా మూడేళ్లు నిండలేదు. కానీ ఆయన బిడ్డల్లాంటి శిష్యులకు నిలబడే చోటు మాత్రం అప్పటికే ఏర్పడింది.

పాటకు నెల జీతం

ఈ కథలో అన్నిటికన్నా ముఖ్యమైనది ఇదే అని నా నమ్మకం. రేడియో రాకముందు సంగీత విద్వాంసుడి ఆదాయం ముహూర్తాల మీద నడిచేది. పెళ్లిళ్లు, నవరాత్రులు, శ్రీరామనవమి పందిళ్లు, నాలుగు ఇళ్లల్లో పాఠాలు. ఆషాఢం వస్తే చేతిలో కాసు ఆడదు. ఎవరైనా ధనవంతుడు ఇష్టపడి పిలిస్తే సన్మానం, లేకపోతే లేదు. సాధన చేసుకోవాల్సిన పూట సంపాదన కోసం తిరగాలి.

రేడియో కేంద్రం ‘నిలయ విద్వాంసుడు’ అన్న ఉద్యోగం ఇచ్చింది. గాత్రం, వయొలిన్, వీణ, వేణువు, మృదంగం, ప్రతిదానికీ మనిషి. నెల తిరిగేసరికి జీతం. ఉదయం వచ్చి సంతకం పెట్టడం, తంబురా శ్రుతి చేసుకోవడం, పాడటం, వాయించడం, పక్క గదిలో ఇంకొకరు పాడుతుంటే వినడం. ప్రభుత్వోద్యోగంలో ఉండే చికాకులన్నీ అక్కడా ఉన్నాయి. అయినా ఒక చిన్న పట్నంలో పదిమంది ప్రథమశ్రేణి సంగీతజ్ఞులు ఒకే కప్పు కింద రోజూ కలుసుకోవడం అంతకు ముందు ఎన్నడూ జరగలేదు.

అన్నవరపు రామస్వామి కేంద్రం పుట్టిన 1948లోనే చేరి 1986 దాకా అక్కడే వయొలిన్ వాయించారు. ముప్పై ఎనిమిదేళ్లు! ఎంతమందికి పక్కవాద్యం వాయించి ఉంటారో ఊహించండి. కొత్తగా మైకు ముందు కూర్చున్న కుర్రవాడికీ ఆయనే, మహావిద్వాంసుడికీ ఆయనే. వందన, శ్రీదుర్గ అనే రాగాలనూ, త్రినేత్రాది, వేదాది అనే తాళాలనూ సృష్టించిన ఆయనకు 2021లో పద్మశ్రీ వచ్చింది. మృదంగంలో దండమూడి రామమోహనరావు కేంద్రానికి ప్రాణం. ఆయన భార్య నిడుమోలు సుమతి కూడా మృదంగ విదుషి. ఆడవాళ్లు మృదంగం పట్టడమే వింతగా చూసే రోజుల్లో నిలబడి వాయించిన ఆమెకూ అదే 2021లో పద్మశ్రీ. ఒకే సంవత్సరం, ఒకే పట్నం, ఇద్దరు వాద్య విద్వాంసులు. దీన్ని కాకతాళీయమని నేననుకోను.

ఇక గాత్రం. బాలమురళీకృష్ణ ఇక్కడ సంగీత ప్రయోక్తగా పనిచేశారు. తర్వాత విజయవాడ సంగీత కళాశాలకు మొదటి ప్రిన్సిపాల్ అయ్యారు. రాజమండ్రిలో పుట్టిన వోలేటి వెంకటేశ్వర్లు (1928–1989) మునుగంటి వెంకటరావు పంతులు దగ్గర, శ్రీపాద పినాకపాణి దగ్గర నేర్చుకుని ఈ కేంద్రంలో స్థిరపడ్డారు. బడే గులాం అలీ ఖాన్ గానమంటే ఆయనకు ప్రాణం. ఆ హిందుస్తానీ పరిమళం తన కర్ణాటక బాణీలో ఎక్కడా అతుకు కనిపించకుండా కలుపుకున్నారు. మద్రాసు సభల్లో ఆయనకు రావాల్సినంత పేరు రాలేదు. కానీ సాటి విద్వాంసుల్లో ఎవరినైనా అడగండి, వోలేటి పేరు చెప్పేటప్పుడు గొంతు మారుతుంది. పైన చెప్పిన సంగీత శిక్షణ పాఠాల్లో తెలుగువారికి ఎక్కువగా గుర్తున్న గురువు కూడా ఆయనే. అంతటి మనిషి రేడియోలో కూర్చుని పల్లవి మొదటి సంగతి దగ్గర నుంచి ఓపిగ్గా చెప్పడం ఎంత పెద్ద దానమో, ఆ నోటుబుక్కుల వాళ్లకు తెలుసు.

విజయనగరం ప్రాంతం నుంచి వచ్చిన శ్రీరంగం గోపాలరత్నం (1939–1993) గొంతులో శాస్త్రం ఎంత గట్టిదో, నుడి అంత మెత్తనిది. త్యాగరాజ కృతి పాడిన ఆ గొంతే ఎంకి పాటలు పాడితే నండూరి వారి ఎంకి ఎదురుగా నిలబడేది. క్షేత్రయ్య పదం, జావళి, జానపదం, అన్నీ ఆమెకు ఇంటి పాటలే. 1992లో పద్మశ్రీ అందుకున్న మరుసటి ఏడాదే వెళ్లిపోయారు.

ఇదే నడవాలో రచయితలూ నటులూ తిరిగేవారు. జలసూత్రం రుక్మిణీనాథ శాస్త్రి, ఉత్పల సత్యనారాయణాచార్య, బందా కనకలింగేశ్వరరావు, నటుడు నండూరి సుబ్బారావు, రామాయణ భారతాలు చెప్పి పల్లెల్ని కట్టిపడేసిన ఉషశ్రీ. కవి గేయం రాసిస్తే పక్క గదిలోనే వరస కట్టేవాళ్లు, ఆ పక్క గదిలో పాడేవాళ్లు. సంగీత రూపకం అనే ప్రక్రియ తెలుగులో అంత ఏపుగా ఎదగడానికి ఆ గదులు దగ్గరగా ఉండటమే కారణమని నాకనిపిస్తుంది.

[బాక్స్] ఇంట్లో పుట్టిన ఆకాశవాణి

చిన్న పట్నాల రేడియోకి మన పొరుగున ఇంకో మంచి ఉదాహరణ మైసూరు. 1935లో ప్రొఫెసర్ ఎం.వి. గోపాలస్వామి తన ఇంట్లోనే ట్రాన్స్‌మీటరు పెట్టి ప్రసారాలు మొదలుపెట్టారు. ‘ఆకాశవాణి’ అన్న పేరు అక్కడిదే. మద్రాసులో అంతకన్నా ముందే, 1924లో, ఔత్సాహికులు రేడియో క్లబ్బు పెట్టారు. ప్రభుత్వం చేతికి రాకముందు మన దేశంలో రేడియోని నడిపింది ఇలాంటి పట్టుదల గల మనుషులే.

తెల్లవారుజాము పాట

వాల్టర్ కౌఫ్‌మన్ కూర్చిన ఆకాశవాణి సంకేత సంగీతం, వందేమాతరం, మంగళవాద్యం, ఆ వెంటనే భక్తిరంజని. ఈ వరస ఎంతమందికి నిద్రలేచే గంటో! ఈ కార్యక్రమాన్ని తీర్చిదిద్దిన ఘనత కొందరు బాలాంత్రపు రజనీకాంతరావుకు ఇస్తారు, కొందరు బాలమురళికి ఇస్తారు. ఇద్దరూ అర్హులే.

భక్తిరంజనిలో ఏం పాడారన్నది చూస్తే ఆ కేంద్రం చేసిన అసలు పని అర్థమవుతుంది. రామదాసు కీర్తనలు, నారాయణతీర్థుల తరంగాలు, సదాశివ బ్రహ్మేంద్రుల కీర్తనలు, అధ్యాత్మ రామాయణ కీర్తనలు, త్యాగరాజు దివ్యనామాలు, జయదేవుడి అష్టపదులు, ఎడ్ల రామదాసు తత్వాలు. వీటిలో చాలా భాగం అప్పటికి విద్వాంసుల కచేరీల్లో చోటు లేనివి, లేదా చివర్లో ‘తుకడా’గా రెండు నిమిషాలు పాడేవి. భజన గోష్ఠుల్లో, బిచ్చమెత్తుకునే వాళ్ల తంబురా మీద, ముసలమ్మల నోట్లో అవి బతికాయి. ఒకే తత్వానికి ఊరికొక వరస.

కచేరీ విద్వాంసులు వాటిని తీసుకుని కూర్చుని పాడారు. రాగం చెడకుండా, మాట మింగకుండా, పాండిత్యం మీద పడకుండా. తత్వం పాడేటప్పుడు బాలమురళి ఎక్కడ ఆగుతారో చూడండి, ఆలాపన చేయగలిగిన చోట చేయకుండా వదిలేస్తారు. పొలానికి వెళ్లే రైతుకీ అర్థం కావాలి, సంగీతం వచ్చినవాడికీ చెవిలో పడాలి. రామదాసు కీర్తనలు ఇవాళ మనం ఏ వరసల్లో పాడుకుంటున్నామో, వాటిలో ఎన్నో రేడియో ద్వారా స్థిరపడ్డవే. తెలుగు సంగీతానికి విజయవాడ కేంద్రం ఇచ్చిన వాటిలో భక్తిరంజనికే నేను మొదటి పీట వేస్తాను. కచేరీలు మద్రాసు కేంద్రమూ ఇచ్చింది. ఈ పని మాత్రం ఇక్కడే ఇంత నిండుగా జరిగింది.

దీని వెనక రజనీకాంతరావు చదువు ఉంది. నిడదవోలులో 1920లో పుట్టిన ఆయన 1941లో మద్రాసు రేడియోలో చేరారు. కవి, స్వరకర్త, పరిశోధకుడు. తెలుగు వాగ్గేయకారుల జాడలు వెతికి రాసిన ‘ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము’కు 1961లో కేంద్ర సాహిత్య అకాడమీ బహుమతి వచ్చింది. పుస్తకంలో చరిత్ర రాసిన మనిషే ఆ చరిత్రను మైకు ముందు పాడించే కుర్చీలోకి రావడం అరుదైన అదృష్టం. డెబ్బయిల్లో ఆయన విజయవాడ కేంద్రానికి డైరెక్టరుగా ఉన్నారు. ఉద్యోగం ముగిశాక కూడా ఈ ఊరినే అంటిపెట్టుకుని 2018 ఏప్రిల్‌లో, 98 ఏళ్ల వయసులో కన్నుమూశారు.

మంగళవాద్యం గురించి ఒక మాట చెప్పకుండా పోలేను. గుంటూరు, ప్రకాశం ప్రాంతాల్లో నాదస్వరం తరతరాలుగా ముస్లిం కుటుంబాల విద్య. ఒంగోలు దగ్గరి కరవదిలో పుట్టిన షేక్ చినమౌలానా దేశమంతటా పేరు తెచ్చుకుని శ్రీరంగంలో స్థిరపడ్డారు. ఆయన శిష్యులైన మహబూబ్ సుభానీ, కాలీషాబీ దంపతులకు 2020లో పద్మశ్రీ వచ్చింది. దేవుడి పాటకు ముందు వినిపించే ఆ నాదం ఎవరి ఊపిరో శ్రోతలకు తెలుసు. తెలిసే చేతులు జోడించారు. రేడియో ఆ సంగతిని ప్రత్యేకంగా ఎప్పుడూ చాటలేదు, రోజూ వినిపించింది.

ఆడిషన్ గది

1952లో బి.వి. కేస్కర్ కేంద్ర సమాచార, ప్రసార శాఖ మంత్రి అయ్యారు. పదేళ్లు ఉన్నారు. శాస్త్రీయ సంగీతాన్ని కాపాడేది ఇక రేడియోనే అని గట్టిగా నమ్మిన మనిషి. ఆ ఏడాదే జాతీయ సంగీత కార్యక్రమం మొదలైంది, 1954లో రేడియో సంగీత సమ్మేళనం. సినిమా పాటకు మాత్రం తలుపులు మూసుకున్నాయి. హార్మోనియం మీద 1940లోనే పడిన నిషేధం 1971 దాకా సడలలేదు. పౌరాణిక నాటక పద్యాలతో పెరిగిన తెలుగువాడికి హార్మోనియం లేని రేడియో ఎంత వెలితిగా అనిపించి ఉంటుందో వేరే చెప్పాలా?

కేస్కర్ కాలంలోనే ఆడిషన్ పద్ధతి వచ్చింది. అప్పటిదాకా పేరున్న విద్వాంసుడంటే పిలిచి పాడించేవారు. ఇప్పుడు ఎంతటివాడైనా పరీక్ష ఇవ్వాలి, గ్రేడు తెచ్చుకోవాలి. దక్షిణాదిన పెద్ద విద్వాంసుల నుంచి నిరసన కూడా వచ్చింది. కానీ ఇంకో పక్క చూడండి. ఏ గురువు సిఫారసూ లేని, ఏ సభ కార్యదర్శీ తెలియని పల్లెటూరి కుర్రవాడు దరఖాస్తు పెట్టుకుని వచ్చి పాడి, బి గ్రేడు కాగితం చేత్తో పట్టుకుని బస్సెక్కాడు. ‘ఆకాశవాణి కళాకారుడు’ అన్న మాట పెళ్లి శుభలేఖలో పేరు పక్కన అచ్చయ్యేది. అమ్మాయిలకైతే ఆ కాగితం ఇంకా ఎక్కువ. సభలో పాడటానికి ఒప్పుకోని ఇల్లు, ప్రభుత్వ రేడియోలో పాడటానికి ఒప్పుకుంది.

సినిమా పాట స్థానంలో లలిత సంగీతం వచ్చింది. నిషేధం తప్పే, జనం ఇష్టాన్ని శాఖాధికారంతో మార్చలేరు. అయినా ఆ ఖాళీలోంచి తెలుగులో అందమైన భావగీతాలు పుట్టాయన్నది కాదనలేం. ‘ఈ మాసపు పాట’ అని నెలకో గేయం నేర్పేవారు. సంగీతం రానివాళ్లు కూడా దాన్ని పట్టుకుని బడి వార్షికోత్సవాల్లో పాడేవారు.

[బాక్స్] సిలోన్ గాలి

ఆకాశవాణి సినిమా పాటను వద్దంటే శ్రోతలు ముల్లు తిప్పి రేడియో సిలోన్ పట్టుకున్నారు. హిందీలో బినాకా గీత్‌మాలాకు దేశమంతా వెర్రి. సిలోన్‌లో తెలుగు సినిమా పాటలకూ వేళ ఉండేది. చివరికి ఆకాశవాణి దిగివచ్చి 1957 అక్టోబరు 3న వివిధ భారతిని మొదలుపెట్టింది. ఒకే ఇంట్లో తాతగారికి భక్తిరంజని, మనవడికి సిలోన్. సెట్టు మాత్రం ఒక్కటే. ఏటా పోస్టాఫీసుకు వెళ్లి దానికి లైసెన్సు రుసుము కట్టడం ఇంటి పెద్ద పని. ఎనభైల నడిమికి గానీ ఆ లైసెన్సు పోలేదు.

837 మీద ఎంత దూరం

విజయవాడ మీడియం వేవ్ 837 కిలోహెర్ట్జ్ మీద వినిపిస్తుంది. ఎఫ్‌ఎం తరంగం దాదాపు చూపు ఆనేంత మేరే పోతుంది. మామూలుగా అరవై డెబ్బై కిలోమీటర్లు దాటితే గొంతు తెగిపోతుంది. మీడియం వేవ్ తరంగం పగలు నేలను పట్టుకుని కొన్ని జిల్లాలు దాటుతుంది. రాత్రి పైనున్న వాతావరణ పొరల మీద తట్టుకుని తిరిగి దిగి ఇంకా దూరం పోతుంది. అందుకే విజయవాడ కేంద్రానికి ఒక్క విజయవాడ శ్రోతలే లేరు. 1963లో విశాఖపట్నం, కడప కేంద్రాలు వచ్చేదాకా కోస్తా అంతటికీ, సీమకూ తెలుగు గడ్డ మీద నుంచి పలికే గొంతు ప్రధానంగా ఇదే. ఆ తర్వాత కూడా ముల్లు ఇక్కడే నిలిపినవాళ్లు చాలామంది. లంక గ్రామాల్లో, సముద్రంలో వేటకు వెళ్లిన పడవల మీద, కరెంటు లేని చోట్ల రెండు సెల్లుల ట్రాన్సిస్టరుతో పని జరిగిపోయేది.

మీడియం వేవ్‌కు ఖర్చెక్కువ. పెద్ద ట్రాన్స్‌మీటరు కరెంటు బాగా తాగుతుంది, ఎత్తయిన స్తంభానికి విశాలమైన స్థలం కావాలి. ఇళ్లల్లో ఎల్‌ఈడీ దీపాలు, చార్జర్లు పెరిగాక గరగర ఎక్కువైంది. కొత్త సెల్‌ఫోన్లలో మీడియం వేవ్ అసలే లేదు. కాబట్టి ట్రాన్స్‌మీటరు ఒకనాటికి పోతుందంటే దాన్ని పట్టుకుని నేను పోట్లాడను. విజయవాడకు రెయిన్‌బో కృష్ణవేణి 102.2 ఎఫ్‌ఎం ఉంది. శాస్త్రీయ సంగీతానికే 24 గంటలూ నడిచే ‘రాగం’ చానల్ 2016 జనవరి 26న బెంగళూరు నుంచి మొదలైంది. ఫోన్‌లో ప్రపంచమంతటా వినొచ్చు. హ్యూస్టన్‌లో, మెల్‌బోర్న్‌లో ఉన్న తెలుగువాళ్లు పొద్దున్నే యాప్ తెరిచి విజయవాడ కేంద్రం పెట్టుకోవడం నాకు తెలుసు.

నా దిగులు మరొకచోట ఉంది. నిలయ విద్వాంసులు ఒక్కొక్కరే పదవీ విరమణ చేశారు. వాళ్ల కుర్చీల్లోకి కొత్తవాళ్లను తీసుకోవడం దేశమంతటా ఆకాశవాణి దాదాపు మానేసింది. 1997లో ప్రసార భారతి ఏర్పడ్డాక అయినా మారుతుందనుకున్నవాళ్లకు నిరాశే మిగిలింది. ఇప్పుడు రోజువారీ పిలుపుల మీద, పాత రికార్డింగుల మీద బండి నడుస్తోంది. ఒక వయొలిన్ విద్వాంసుడు ముప్పై ఎనిమిదేళ్లు ఒకేచోట కూర్చుని వందలమందిని నిలబెట్టిన రోజులు ట్రాన్స్‌మీటరు ఉన్నా తిరిగిరావు, ఆ ఉద్యోగం ఉంటేనే వస్తాయి. ఇవాళ సంగీత కళాశాలల్లో డిప్లొమా పట్టుకుని బయటికొస్తున్న పిల్లలు చాలామంది పాఠాలు చెప్పుకుని, ఆన్‌లైన్లో విదేశాల పిల్లలకు తెల్లవారుజామున వర్ణాలు నేర్పుకుని బతుకుతున్నారు. బతకడం కష్టం కాదు. పది మందీ కలిసి కూర్చుని కొత్తగా ఒక రూపకం కట్టడానికి చోటు లేదు.

టేపులు ఎవరివి

మొదట్లో ప్రసారాలన్నీ ప్రత్యక్షమే. ఎర్ర దీపం వెలగగానే పాడాలి, తప్పయినా ఒప్పయినా గాలిలో కలిసిపోయింది. టేపులు వచ్చాక కూడా టేపు ఖరీదైన సరుకు. ప్రసారం అయ్యాక చెరిపి దాని మీదే ఇంకోటి రికార్డు చేయడం ఆకాశవాణి కేంద్రాల్లో మామూలు పద్ధతి. ఎన్ని కచేరీల మీద ఎన్ని వ్యవసాయ ప్రసంగాలు పడ్డాయో! ఆ ప్రసంగాలూ అవసరమే, తిట్టి లాభం లేదు.

మిగిలినవాటిలో చాలా భాగం శ్రోతల పుణ్యాన మిగిలాయి. రేడియో పక్కన టేప్‌రికార్డర్ పెట్టి, ఇంట్లో అందరినీ మాట్లాడొద్దని కసిరి, క్యాసెట్ల మీద ఎక్కించుకున్నవాళ్లున్నారు. వోలేటి పాట వెనక ఎక్కడో కుక్కరు కూత, వీధిలో రిక్షా గంట. ఆ క్యాసెట్లే ఇవాళ యూట్యూబ్‌లో తిరుగుతున్నాయి. సంగీత శిక్షణ పాఠాలు కూడా అలాగే దొరుకుతున్నాయి, కింద ఎక్కడెక్కడి వాళ్లో ‘మా అమ్మ ఇది విని నేర్చుకుంది’ అని రాస్తున్నారు. ప్రసార భారతి తన భాండాగారం నుంచి కొందరు మహావిద్వాంసుల రికార్డింగులు సీడీలుగా తెచ్చింది. బాగుంది. కానీ విజయవాడ వంటి కేంద్రంలో ఉన్నదంతా ఏమిటో బయటివాడికి తెలిసే మార్గం లేదు.

అడగాల్సింది పెద్దదేమీ కాదు. ఈ కేంద్రంలో ఇప్పటికి భద్రంగా ఉన్న సంగీత రికార్డింగుల పట్టిక: ఎవరు పాడారు, ఏ కృతి, ఏ తేదీ, పక్కవాద్యం ఎవరు. దాన్ని ప్రజల ముందు పెట్టాలి. పాటలన్నీ ఒక్కసారే విడుదల చేయనక్కర్లేదు, హక్కుల లెక్కలు తర్వాత తేల్చుకోవచ్చు. పట్టిక బయటికొస్తే, అందులో లేనివి తమ దగ్గరున్నాయని ముందుకొచ్చే క్యాసెట్ల వాళ్లు కృష్ణా, గోదావరి జిల్లాల్లో ఇంకా ఉన్నారు. వాళ్లలో చాలామందికి డెబ్బై దాటింది. క్యాసెట్ల మీద పూత రాలుతోంది. పని ఈ ఏడాదే మొదలుపెట్టాలి.